కదలని పీఠము
(తెలుగు సాంస్కృతిక సంఘ వార్షికోత్సవ సభలో చేసిన ప్రసంగ పాఠము)



ఉదయమునుండి ఈ వేదికపై పద్యపఠనమును, సంగీతమును, సాహిత్యోపన్యాసములను విని ఆనందించితిమి. అట్టి సభలో మరుగుదొడ్డిని గూర్చి మాటాడుట కొంత విడ్డూరముగ తోచవచ్చును. కార్యదర్శిగారు ప్రసంగ విషయ మేమని అడిగినప్పుడు నేను సంకోచించుచునే ఈ మాట చెప్పితిని. వారు ఒక క్షణము మౌనము వహించి, పిదప మెల్లగా, "మా ఇంట్లోది కూడా కదులుతోందండీ" అనిరి. దానితో నాకు ధైర్యము కలిగినది. ఒక సభలో ఒకరు ఒప్పుకొన్నారనగా, చెప్పక కూర్చున్నవారు పదిమంది యుందురని నా యనుభవము. సర్కారు క్వార్టర్ల మరమ్మతులలో చాలకాలము గడపినవాడను గనుక, ఈ విషయమున నాకు తెలిసిన నాలుగు మాటలు మీ ముందుంచెదను.

మన భాషలో ఈ వస్తువునకు సూటియైన పేరు లేదు. దొడ్డి యనగా ఇంటి ఆవరణము. మరుగుదొడ్డి యనగా చాటుగ నున్న దొడ్డి. పెరటిలోనికి పోవుట, బయటికి వెళ్లుట, బహిర్భూమికి వెళ్లుట - మన పెద్దలు ఏ విధముగ చెప్పినను ఇంటినుండి దూరముగ పోవుటయే ఆ మాటలలోని భావము. ఆ దొడ్డి మేడమీద మూడవ అంతస్తున, వంటగదికి నాలుగడుగుల దూరమున, క్రింది వాటాలోని వారికి పైకప్పై యుండునని ఆ మాటలు పుట్టించినవారు ఊహించి యుండరు. పేరు దూరముననే ఆగిపోయినది. వస్తువు మాత్రము ఇంటిలోనికి వచ్చినది.

ఆ దూరపు దొడ్లను మరియొక మనిషి చేతితో ఎత్తి శుభ్రపరచిన కాలమును మనము మరువరాదు. 1993లో ఒక చట్టమును, 2013లో అంతకంటె గట్టిదగు మరియొక చట్టమును చేసి ఆ పనిని నిషేధింపవలసి వచ్చినది. నీటితో కడుగబడి గొట్టమున పోవు మరుగుదొడ్డి మనుష్యుని గౌరవమును కాపాడునది. కాని పింగాణి పీఠమునకును, నేలలోని గొట్టమునకును గల అతుకు సరిగా నున్నంతవరకే అది శుభ్రమైన వస్తువు. అతుకు తప్పినచో మనము ఇంటిలోపలనే మురుగుకాలువ నుంచుకొన్న వారమగుదుము.

ఢిల్లీలోని పాత క్వార్టర్లలో నేలలో పొదిగిన మన దేశపు పాను ఉండుట సాధారణము. 2016లో కేంద్ర మంత్రివర్గము ఆమోదించిన పథకము ననుసరించి సరోజినీనగరము, నేతాజీనగరము, నౌరోజీనగరము మున్నగు ఏడు కాలనీలలో పాత ఇండ్లను తొలగించి బహుళాంతస్తుల భవనములు కట్టుటకు పూనుకొనిరి. కాని దేశమంతటను పాత క్వార్టర్లు ఇంకను ఎన్నో యున్నవి. వానిలో నివసించు మనవారి యొద్దకు ఏలూరునుండియో, కరీంనగరమునుండియో తల్లిదండ్రులు వత్తురు. వారికి మోకాళ్లు వంగవు. గొంతుకూర్చున్నచో తిరిగి లేవలేరు. అప్పుడు మనము పాను తీయించి కమోడు పెట్టించెదము. మిస్త్రీ ఉదయము వచ్చి సాయంకాలమునకు పని ముగించి, కూలి తీసుకొని పోవును. ఆరు నెలలు తిరుగకుండగనే కమోడు కదలుట మొదలిడును.

కదలిక మొదట వెంట్రుకవాసి మాత్రమే. కూర్చున్నవారికి తెలియును, చూచువారికి కనబడదు. ఆ వెంట్రుకవాసి కదలిక దినమునకు పదిమారులు జరిగి, క్రింద నున్న అతుకును అటు నిటు నలుపును. నలిగిన అతుకునుండి నీరు విడిచినప్పుడెల్ల ఒక్కొక్క చుక్క నేలలోనికి దిగును. మన నేలపై తడి కనబడుటకు పూర్వమే క్రింది వాటావారి పైకప్పున పసుపుపచ్చని మచ్చ కనబడును. ఇరుగుపొరుగుల స్నేహములు చెడుటకు ఆ మచ్చ చాలును. అంతకంటె ముఖ్యమైనది పెద్దవారి విషయము. కూర్చున్న పీఠము ఒరిగినచో వారికి తమాయించుకొను శక్తి యుండదు. పింగాణి పగిలినచో దాని అంచు కత్తివలె కోయును.

ఒక ఇంటిలో జరిగిన సంగతి చెప్పెదను. అది రెండవ అంతస్తు. గోదావరి ప్రాంతమునుండి వచ్చిన డెబ్బదియేండ్లు దాటిన ఒక పెద్దావిడ కుమారునియొద్ద నుండెను. క్రింది వాటావారు తడిమచ్చను గూర్చి ఫిర్యాదు వ్రాసియిచ్చిరి గనుక నేను చూడబోయితిని. ఇంటివారందరు మచ్చను గూర్చియే మాటాడుచుండిరి. ఆమె మాత్రము ఒక మూల కూర్చుండి, "అది పీట కాదు బాబూ, ఉయ్యాల. సాయంత్రం అయిదు దాటాక నేను మంచినీళ్లు ముట్టను" అనెను. రాత్రివేళ లేచి చీకటిలో ఆ కదలు పీఠముపై కూర్చుండవలసి వచ్చునను భయమున ఆమె ఎన్నో వారములుగ దాహము నణచుకొనుచుండెను. ఇంటివారికి ఆ విషయము అప్పటివరకు తెలియదు. కోడలు కన్నీరు పెట్టుకొనెను. నీటి మచ్చను కొలుచుటకు పోయిన నాకు, కొలువవలసినది అది మాత్రమే కాదని ఆనాడు తోచినది. ఆ కమోడును తీసి చూడగా దాని క్రింద ఏమున్నదో తరువాత చెప్పెదను.

ఈ పీఠము చరిత్ర కొంచెము చెప్పక తప్పదు. మొహెంజోదారో ఇండ్లలో ఇటుకలతో కట్టిన మరుగుదొడ్లును, వానినుండి వీధికాలువలకు పోవు తూములును బయటపడినవి. నీటితో నడచు నేటి మరుగుదొడ్డికి ప్రాణమైన వంపుగొట్టమునకు 1775లో అలెగ్జాండర్ కమ్మింగ్ అను గడియారముల నిపుణుడు ఇంగ్లండులో పేటెంటు పొందెను. ఆ వంపులో నిలుచు కొద్దిపాటి నీరే మురుగుకాలువ వాయువును ఇంటిలోనికి రాకుండ ఆపును. మొదట కొంతకాలము ఈ పరికరములను చెక్కపెట్టెలో దాచి అమర్చెడివారు. పెట్టెలోపల మురికి చేరినను ఎవరికిని కనబడెడిది కాదు. 1880 దశకమున టామస్ ట్వైఫర్డ్ పింగాణిలో ఒకే ముక్కగ, చెక్కపెట్టె అక్కర లేకుండ, తనంతట తాను నేలపై నిలుచు పీఠమును తయారుచేసి ప్రసిద్ధి కెక్కెను. నాటినుండియే దీనిని నేలకు ఎట్లు బిగింపవలెనను ప్రశ్నయు వచ్చినది.

నేను చెప్పదలచిన ముఖ్యమైన మాట ఇది. ఈ పీఠమునకు మూడు అక్కరలున్నవి. అది కదలకుండ నిలువవలెను; అది స్క్రూల పని. మురుగునీరును వాయువును పైకి రాకుండ అతుకు మూయబడవలెను. అది రబ్బరు పని. పీఠపు అంచునకును నేలకును నడుమ నున్న సందు నిండవలెను. అది తెల్లసిమెంటు పనియో, సిలికోను పనియో. మన మిస్త్రీలలో చాలమంది ఈ మూడు పనులను ఒక్క సిమెంటునకే అప్పగింతురు. పీఠము క్రింద బొచ్చెడు సిమెంటు కూరి, కమోడును అందులో అదిమి, అంచుచుట్టు తాపీతో నున్నగ దిద్ది, "ఇక ఏనుగు కూర్చున్నా కదలదు సార్" అందురు. మొదటి దినమున అది నిజముగనే కదలదు.

సిమెంటు మంచి వస్తువే. నా జీవితమంతయు దానితోడనే గడచినది. కాని అది ఆరునప్పుడు ముడుచుకొనును. నిగనిగలాడు పింగాణి గాజుపూతను అది గట్టిగ పట్టుకొనలేదు. దానికి సాగుట తెలియదు. ఒకసారి పగిలినచో తిరిగి అతుకుకొనదు. కమోడులకు వాడు పింగాణి భారత ప్రమాణము 2556 ననుసరించి నూటికి అరపాలు కంటె ఎక్కువ నీటిని పీల్చరాదు. అంతటి బిగువైన వస్తువులోనికి సిమెంటు వేళ్లు దిగుట ఎట్లు? పైగా పీఠములోపల దట్టముగ కూరిన సిమెంటు గట్టిపడునప్పుడు పింగాణియే చిట్లవచ్చును. పలువురు తయారీదారులు సిమెంటుతో బిగింపరాదని పెట్టెలోని సూచనల కాగితమున ముద్రింతురు. ఆ కాగితము పెట్టెతో పాటు పాతసామానులవానికి పోవును, చదువువారు అరుదు.

ఇక నేల సంగతి. మన పాత క్వార్టర్లలో స్నానపు గది, మరుగుదొడ్డి ఉన్నచోట స్లాబును ఒక అడుగో, అడుగున్నరయో క్రిందికి దించి పోయుదురు. ఆ పల్లములో గొట్టములు పరచి, ఇటుకముక్కలతోను బొగ్గుకిట్టముతోను నింపి, పైన నేల వేయుదురు. పాత పాను ఈ పూడికలో పాతుకొని యుండును. దానిని తీసినప్పుడు నేలలో పెద్ద గుంట యేర్పడును. ఆ గుంటను ఎట్లు నింపితిమో దానిపైననే కమోడు యొక్క భవిష్యత్తు ఆధారపడియున్నది. నేను చెప్పిన పెద్దావిడ ఇంటిలో పగిలిన పాను ముక్కలనే ఆ గుంటలో వేసి, నాలుగు తట్టల ఇసుక పోసి, పైన టైలు పరచిరి. టైలుక్రింద అరంగుళము గార, దానిక్రింద గుల్ల. స్క్రూలు ఆ గుల్లలో వ్రేలాడుచుండెను. స్క్రూల తప్పేమియు లేదు.

సరియైన పద్ధతి యేమనగా, గుంటలోని వదులు మట్టిని, ముక్కలను పూర్తిగా తీసివేయవలెను. అడుగున తడి కనబడినచో పాత తేమనిరోధక పొర చెడినదని గ్రహించి ముందు దానిని బాగుచేయవలెను. ఆ పని తప్పించుకొన్నచో పైన ఏమి చేసినను వృథా. పూడికను తడిపి గట్టిగ దిమ్మెస చేసి, దానిపై మూడునుండి నాలుగంగుళముల మందమున ఒకటి-రెండు-నాలుగు పాళ్ల సిమెంటు కాంక్రీటు వేయవలెను. దానిని ఏడు దినములైనను తడుపుచుండవలెను. ఈ ఏడు దినములే అందరికిని కష్టము. ఒకే మరుగుదొడ్డి గల ఇంటిలో వారము దినములు గడపుట సులభము కాదని నాకును తెలియును. పొరుగువారిని ముందుగనే అడిగి యుంచుకొనుడు. తెలుగు సంఘము ఇట్టి సమయములందు కూడ ఉపకరించును. పెద్దవారు రాకమునుపే, కనీసము పదునైదు దినములు ముందుగ, పని మొదలుపెట్టుట మేలు.

కాంక్రీటుపై టైలు వేయునప్పుడు గార పూర్తిగా పరవవలెను. నాలుగు మూలల నాలుగు ముద్దలు పెట్టి టైలు అంటించు అలవాటు గోడలకే కీడు. కమోడు క్రింద మరింత కీడు. ఆరిన పిమ్మట రూపాయి బిళ్లతో తట్టి చూడుడు. ఎక్కడ డొల్ల శబ్దము వచ్చునో ఆ టైలును మరల వేయించుడు.

కమోడు కొనుటకు పూర్వము టేపుతో ఒక కొలత తీసుకొనవలెను. నీరు పోవు దారి నేలలోనికున్నదా, గోడలోనికున్నదా? నేలలోనికున్నచో 'ఎస్' ట్రాపు, గోడలోనికున్నచో 'పి' ట్రాపు కొనవలెను. నేలలోనికైనచో, వెనుక గోడనుండి గొట్టపు నడిబిందువు ఎంత దూరమున నున్నదో చూడవలెను. బజారులో ఎక్కువగ దొరకునవి నాలుగు, తొమ్మిది, పండ్రెండంగుళముల దూరమునకు తగినవి. ఈ కొలత గోడకు టైలు వేసిన పిమ్మటి ముఖమునుండి తీయవలెను గాని వట్టి ఇటుకగోడనుండి కాదు. ముందు అందమైన కమోడును కొనితెచ్చి, అది గొట్టముతో కలియక, వంకర ముక్క నొకదానిని నడుమ ఇరికించుట నేను పలుమారులు చూచితిని. ఆ వంకర అతుకు మొదటి దినముననే సగము కారినట్లు లెక్క.

అతుకునకు రబ్బరు కనెక్టరు దొరకును. గొట్టపు మూతిని సమముగ కోసి, లోపల పెళుసులు లేకుండ గీకి, సబ్బునీటితో తడిపి కనెక్టరును నిండుగ దిగవేయవలెను. నూనె రాయరాదు, అది రబ్బరును చెరచును. పూర్వము పోత ఇనుప గొట్టముల కాలములో జనుపనార చుట్టి, సిమెంటు పూసి ఈ అతుకు వేసెడివారు. ఆ పని యెరిగిన చేయి చేసినచో అది చాలకాలము నిలిచెడిది. ఆ చేతులు ఇప్పుడు అరుదు. ఒక చిన్న మాట. పని జరుగుచుండగా ఇటుకముక్కలు గొట్టములో పడకుండ మిస్త్రీలు గోనెపట్ట కుక్కుదురు. మంచిదే. కమోడును దించుటకు ముందు ఆ గోనెపట్టను తీసిరా లేదా అని మీరే కన్నులతో చూడుడు. పండుగ దినమున ఇంటినిండ చుట్టములున్నప్పుడు అది జ్ఞాపకమునకు వచ్చుట మంచిది కాదు.

ఇక బిగింపు. ముందు కమోడును కనెక్టరు లేకయే దాని చోటున నిలిపి, పైన రసమట్టము పెట్టి చూడవలెను. స్నానపు గది నేల నీరు పోవుటకు వాలుగ నుండును గనుక పీఠము తప్పక ఒకవైపు ఒరుగును. ఆ ఒరుగును పలుచని ప్లాస్టిక్ పలకలతోనో, తుప్పుపట్టని ఉక్కు రేకులతోనో సరిదిద్దవలెను. అగ్గిపెట్టె అట్టలు, చెక్కపేళ్లు, టైలు పెంకులు పనికిరావు. అట్ట నానును, చెక్క కుళ్లును, పెంకు పొడియగును. మట్టము కుదిరిన పిమ్మట అంచుచుట్టు పెన్సిలుతో గీత గీసి, రంధ్రముల గురుతులు పెట్టి, కమోడును తీసి ప్రక్కన నుంచవలెను.

టైలును తొలచునప్పుడు మొదట సుత్తిదెబ్బ లేకుండ టైలుకై చేసిన బిట్టుతో మెల్లగ తొలచి, టైలు దాటిన పిమ్మట కాంక్రీటులోనికి పోవలెను. బిగింపు పట్టు కాంక్రీటులో నుండవలెను, టైలులో కాదు. అయినను స్క్రూ కాంక్రీటు మందమును దాటి క్రిందికి పోరాదు. రంధ్రములోని పొడిని ఊది తీసి, ప్లాస్టిక్ ప్లగ్గును - మన ఢిల్లీ మిస్త్రీలు దీనిని గిట్టీ అందురు - టైలు ముఖమునకంటె కొంచెము లోతుగ దిగగొట్టవలెను. అది టైలు మందములోనే యుండి ఉబ్బినచో టైలు పగులును. రంధ్రములో కొంచెము సిలికోను వేసినచో నేలపై పారు నీరు దానివెంట దిగదు. స్క్రూలు ఇత్తడివో, తుప్పుపట్టని ఉక్కువో కావలెను. ఇనుప స్క్రూ చవుకయే. మూడేండ్లలో తుప్పుపట్టి తల ఊడును, దాని తుప్పు మరక తెల్లని పింగాణిపై జన్మాంతము నిలుచును.

ఇప్పుడు కమోడును ఇద్దరు పట్టుకొని నిట్టనిలువుగ దించవలెను. ప్రక్కకు ఈడ్చినచో రబ్బరు మడతపడును. స్క్రూ తలకును పింగాణికిని నడుమ ప్లాస్టిక్ వాషరు తప్పనిసరి. కుడిదానిని కొంచెము, ఎడమదానిని కొంచెము, మరల కుడిదానిని కొంచెము - ఈ విధముగ మార్చి మార్చి బిగింపవలెను. ఎక్కడ ఆపవలెను? చేతికి అడ్డు తగిలినచోట ఆగి, మరి పావు తిప్పు మాత్రమే తిప్పవలెను. బలమును చూపు చోటు ఇది కాదు. పింగాణి వంగదు, సాగదు. హద్దు దాటిన తోడనే టిక్కుమని చిట్లును. ఆ శబ్దము విన్నవానికి ఆ దినమున అన్నము సహింపదు.

అమెరికాలో పిల్లలయొద్దకు పోయి వచ్చినవారు, అచ్చట పద్ధతి వేరని చెప్పుదురు. అక్కడ నేలలోని గొట్టపు మూతికి చక్రమువంటి ఫ్లాంజిని బిగించి, దానినుండి బోల్టులు నిలిపి, నడుమ మైనపు వలయము నుంచి పీఠమును అదుముదురు. మైనము ఒకసారి అణగినచో తిరిగి పైకి లేవదు. కావున పీఠము కదలినచో అతుకు పోయినట్లే. కదలిక యాపి, క్రొత్త వలయము వేయవలసినదే. పద్ధతి వేరైనను సూత్రము అదియే: నిలుపునది బోల్టు, మూయునది మైనము.

అంచు సందును చిట్టచివర నింపవలెను. వెనుకభాగమున ఒక అంగుళము సందు విడిచినచో లోపల కారినప్పుడు నీరు బయటికి వచ్చి మనకు తెలియునని కొందరందురు. పొడినేల గల గదులలో ఆ మాట నిజమే. కాని మనము దినమునకొకసారి బకెట్టెడు నీరు గుమ్మరించి నేల కడుగువారము. ఆ సందున బయటి నీరు లోపలికి పోవునే గాని లోపలి నీరు బయటికి వచ్చుట తెలియదు. కావున మన ఇండ్లలో చుట్టును మూయుటయే నా మతము. తెల్లసిమెంటు కంటె సిలికోను మేలు. అది కొంచెము సాగును, రేపు తీయవలసి వచ్చినప్పుడు చాకుతో కోసిన వచ్చును.

సిలికోను వేయుటకు పూర్వమే పరీక్ష చేయవలెను. అంచుచుట్టు పొడి కాగితము పరచి, రెండు బకెట్ల నీరు ఒక్కసారిగ పోసి చూడుడు. కాగితము తడియరాదు. పిదప కూర్చుండి, కుడికి ఎడమకు ఒరిగి చూడుడు. మీరు కాదు, ఇంటిలో అందరికంటె బరువైనవారు కూర్చుండవలెను; ఎవరో మీరే నిర్ణయించుకొనుడు. నీటితొట్టి పీఠముపైననే కూర్చున్న రకమైనచో వెనుకకు ఆనుకొని కూడ చూడవలెను. ఆ తొట్టి నీటి బరువును, ఆనుకొన్న మనిషి బరువును వెనుక స్క్రూలపై పడును. పెద్దవారున్న ఇంటిలో తొట్టిని గోడకు వేరుగ బిగించు రకమే మంచిది. గోడనుండి వ్రేలాడు కమోడుల ఫ్యాషను వచ్చినది గాని, నాలుగున్నర అంగుళముల అడ్డుగోడలు గల మన పాత క్వార్టర్లకు అవి తగవు.

కమోడు ఎంత గట్టిగ నున్నను, ముసలివారు లేచునప్పుడు చేతికి ఏదో యొక ఆసరా వెదకుదురు. దగ్గర కుళాయి యున్నచో కుళాయిని, తొట్టియున్నచో తొట్టిని పట్టుకొందురు. ఆ రెండును అందుకు చేసినవి కావు. ప్రక్కగోడకు ఉక్కు పిడికడ్డీ నొకదానిని, టైలులో గాక ఇటుకలోనికి దిగు బోల్టులతో, కమోడుతో పాటు ఆనాడే బిగింపించుడు. ఒక చిన్న దీపము రాత్రియంతయు వెలుగుచుండనిండు.

వాసన వచ్చినదన్న ఫిర్యాదులన్నియు కమోడువే కావు. ఎల్.టి.సి.పై స్వగ్రామమునకు పోయి, వేసవిలో నెల దినములు ఇల్లు మూసి తిరిగి వచ్చునప్పటికి తలుపు తీయగనే దుర్గంధము వచ్చును. వెంటనే మిస్త్రీని పిలిచి కమోడు త్రవ్వింపకుడు. స్నానపు గది మూలనున్న నహానీ ట్రాపులోని కొద్దిపాటి నీరు ఎండలకు ఇగిరిపోయి, మురుగువాయువు దారి దొరికించుకొని యుండును. రెండు చెంబుల నీరు పోసి కిటికీ తెరచినచో సరిపోవును. కమోడు వంపులో నిలుచు రెండంగుళముల నీరును అట్టి కావలి పనియే చేయుచున్నది.

అనుమతి విషయము. క్వార్టరు మనది కాదు, ప్రభుత్వమువారిది. పాను తీసి కమోడు పెట్టుట మార్పు క్రింద లెక్క; ముందుగ ఎంక్వైరీ కార్యాలయమున వ్రాతమూలముగ అర్జీ పెట్టుకొని, జవాబు నకలు దాచియుంచుకొనవలెను. వారే చేయించినచో మేలు. అట్లు చేయించినప్పుడుకూడ ఇంటివారు ఒకరు దగ్గర నిలిచి, గుంటలో ఏమి వేయుచున్నారో చూడవలెను. తరువాత టైలు మూసినచో ఇంజనీరునకును కనబడదు.

మనమందరము బదిలీల మీద బ్రతుకువారము గనుక తుదకు ఒక సంగతి. సొంత డబ్బుతో పెట్టుకొన్న కమోడును, అనుమతి పత్రములో ఒప్పుకొన్నచో, బదిలీయైనప్పుడు తీసుకొనిపోవచ్చును. సిమెంటులో పాతినదానిని తీయవలెనన్నచో సుత్తితో పగులగొట్టవలసినదే. స్క్రూలతో నిలిపినది అట్లు కాదు. గోడకున్న నీటి కాకును కట్టి, తొట్టిని ఖాళీచేసి, వంపులోని నీటిని గుడ్డతో తోడి, అంచు సిలికోనును చాకుతో కోసి, స్క్రూలు విప్పి ఇద్దరు పట్టి నిలువుగ ఎత్తినచో వచ్చును. గొట్టపు మూతికి వెంటనే మూత బిగింపవలెను. స్క్రూలను, వాషర్లను ఒక పొట్లము కట్టి కమోడుకే అంటించి యుంచుడు; సామాను లారీలో మొదట పోవునవి అవియే. రబ్బరు కనెక్టరును మాత్రము అక్కడనే పారవేసి, క్రొత్త ఊరిలో క్రొత్తది కొనుడు. ఒకచోట అణగిన రబ్బరు మరియొక గొట్టములో సరిగా కూర్చుండదు.